నమ్మకం పోయి ఏళ్లయింది, జుమ్మాకు మాత్రం పోతానే ఉన్నా

విభాగం: మన జిల్లా – మాటామంతీ

మాజీ సభ్యుడు
ఆదివారం, రాత్రి 11.52

అందరికీ నమస్కారం, సలాం. రెండేళ్లుగా ఇక్కడ చదవడమే గానీ రాసింది లేదు. మాది చిత్తూరు జిల్లాలో (ఊరి పేరు తీసేశాం – నిర్వాహకులు). మా వీధిలో అరవై ఇళ్లుంటే నాలుగైదు తప్ప అన్నీ మావాళ్లవే. మసీదు ఎంత దగ్గరంటే అజాన్ మైకు మా మిద్దె వైపే తిప్పి ఉంటుంది.

నాకు ఇరవై తొమ్మిది. ఏసీ ప్లాంట్లలో చిల్లర్ల మెయింటెనెన్స్ పని. తొమ్మిదేళ్లకే ఖురాన్ మొత్తం చూసి చదివేసినానని మా అమ్మీ వీధంతా లడ్డూలు పంచింది. అర్థం తెలిసి చదివింది మాత్రం ఇరవై రెండేళ్లప్పుడు, తెలుగు అనువాదం తెచ్చుకొని. ప్రశ్నలు వచ్చినాయి. మసీదు హజ్రత్‌ను అడిగితే తిట్టలేదు, మంచాయన. అది వస్వసా, షైతాన్ పెట్టే గుసగుస, ఇంకా చదువు అన్నాడు. చదివినా. చదివే కొద్దీ తగ్గిపోయింది. మా పక్క బోర్లు ఎండినట్టు: ఒక ఏడు రెండించులు, మరుసటేడు ఇంచి, ఆ తర్వాత మోటారేస్తే గాలి.

ఇంట్లో ఎవరికీ తెలియదు. శుక్రవారం జుమ్మా నమాజుకు పోతా. రంజాన్‌లో రోజా ఉంటా, లేకపోతే అమ్మీ నా ముఖం చూసే కనిపెట్టేస్తుంది. ఎప్పుడైనా పని మీద చిత్తూరు పోతే ఊరు దాటినాక టీ తాగుతా. అక్కడ నన్ను ఎరిగినోళ్లు ఎవరూ ఉండరు, అయినా గ్లాసు పట్టుకున్న చేయి వణుకుతుంది.

ఇప్పుడు సంగతేమంటే రియాద్‌లో ఉద్యోగం వచ్చింది. జీతం ఇక్కడికి మూడింతలు. గల్ఫ్ వీసాకు కావాల్సిన మెడికల్ టెస్టు కూడా అయిపోయింది. అమ్మీకి సంతోషం పట్టడం లేదు, జీతానికి కాదు. "నువ్వు అక్కడుంటే నన్ను మక్కాకు, ఉమ్రా యాత్రకు పిలిపిస్తావు కదరా" అంటా ఉంది. అది అయినాక వాణియంబాడి సంబంధం ఖాయం చేస్తారంట.

అక్కడ నాలాంటోళ్లు ఎట్లా బతుకుతారు? వీసా ఫారంలో మతం అని ఉన్న చోట ఏం రాయాలి? నమ్మనివాడు అమ్మ కోసం మక్కాలో అడుగుపెడితే అది మోసమా? పగలంతా ఇదే టెన్షన్. తెలిసినవాళ్లు చెప్పండి.

సువర్ణముఖి
సోమవారం, ఉదయం 6.15

తమ్ముడూ, మాది శ్రీకాళహస్తి. రియాద్‌లో పదకొండేళ్లు చేసి 2019లో వచ్చేసినా. నేనూ దేవుణ్ణి నమ్మను, కాకపోతే పుట్టింది హిందువుల ఇంట్లో. ఆ తేడా ఎంత పెద్దదో నాకు అక్కడికి పోయినాకే తెలిసింది.

పోయిన రెండో ఏడు, మా ఫోర్‌మన్ సుడాన్ ఆయన, నీ మతమేంది అని ఊరికే అడిగినాడు. నేను మన తిరుపతి టీ కొట్టులో మాట్లాడినట్టు, నాకు ఏ మతమూ లేదు, దేవుడే లేడు అన్నా. ఆయన నవ్వలేదు, కోప్పడలేదు. లేచిపోయి రూము తలుపు మూసొచ్చి "ఇంకెవరికైనా చెప్పినావా?" అని అడిగినాడు. "హిందూ అని చెప్పు. ఆవుకు మొక్కుతా అని చెప్పినా పర్వాలేదు. ఇది మాత్రం నోట్లో నుంచి రానీయొద్దు" అన్నాడు. నన్ను కాపాడిన మనిషి ఆయన. ఐదు పూటలా నమాజు చేసేవాడు.

వేరే మతం ఉందంటే వాళ్లకు అర్థమవుతుంది. ఏదీ లేదంటే అర్థం కాదు, భయపడతారు. నీ విషయంలో అది కూడా కాదు. నేను మొదటి నుంచీ బయటివాణ్ణి, కాఫిర్‌ను, నా లెక్క అక్కడితో సరి. నువ్వు ముర్తద్ అవుతావు, వదిలేసినవాడు. ఆ మాట వేరే, ఆ బరువు వేరే.

ఇఖామా (అక్కడి రెసిడెన్స్) కార్డు మీద మతం రాసుంటుంది. నీ పేరు చూసి ముస్లిం అనే వేస్తారు, వేయనీ. మన పాస్‌పోర్టులో మతం కాలమ్ లేదు గానీ వీసా ఫారంలో అడుగుతారు. అక్కడ వీరత్వం వద్దు.

రోజువారీ బతుకు నువ్వు భయపడేంత ఏమీ ఉండదు. మొదట్లో ముతవ్వాలంటే, అక్కడి మత పోలీసులు, హడలు, నమాజు టైముకు కొట్లు మూయించేవాళ్లు. 2016లో వాళ్లకు అరెస్టు చేసే అధికారం తీసేసినారు. నేను వచ్చేసే నాటికి రియాద్‌లో సినిమా హాలు కూడా తెరిచినారు. నీకు చిక్కల్లా రూములో. ఆరుగురు ఉంటారు, అందులో నలుగురు మనోళ్లే, కడప, రాయచోటి, మదనపల్లి. తెల్లవారుజామున ఫజర్ నమాజుకు లేపుతారు. లేవకపోతే మొదటి వారం నవ్వుతారు, రెండో వారం అడుగుతారు, మూడో వారం మీ ఇంటికి ఫోన్ చేస్తారు. సౌదీ పోలీసు కంటే రాయచోటి రూమ్మేట్‌కు భయపడు.

నల్లకోటు
సోమవారం, ఉదయం 9.40

చిత్తూరు కోర్టులో ప్రాక్టీసు. సౌదీ చట్టం నా సబ్జెక్టు కాదు, అయినా పేపర్లో వచ్చిన మేరకు చెబుతాను, ఎందుకంటే పైన సువర్ణముఖి గారు సినిమా హాలు చెప్పి ఇది వదిలేశారు.

2014 మార్చిలో అక్కడి హోం శాఖ ఉగ్రవాదం కింద ఏమేమి వస్తాయో జాబితా ఇచ్చింది. అందులో మొదటిదే నాస్తిక భావాలను ఏ రూపంలోనైనా ప్రచారం చేయడం, ఇస్లాం మూల సూత్రాలను ప్రశ్నించడం. రయీఫ్ బదావీ అనే బ్లాగరును 2012లో పట్టుకున్నారు. తాను నాస్తికుణ్ణని ఆయన ప్రకటించుకోలేదు కూడా. ఇస్లాంను అవమానించాడని 2014లో పదేళ్ల జైలు, వెయ్యి కొరడా దెబ్బలు వేశారు. 2015 జనవరిలో జెద్దాలో మసీదు ముందర యాభై దెబ్బలు కొట్టారు. 2022 మార్చిలో జైలు నుంచి విడుదలయ్యాడు, దేశం దాటే వీల్లేకుండా. ఆయన చేసిందల్లా రాయడం. తమ్ముడు ఇప్పుడు చేస్తున్నది కూడా అదే, దయచేసి ఊరు, వయసు, పని ఇన్ని వివరాలు పెట్టకు.

నిర్వాహకులు
సోమవారం, ఉదయం 10.05

మొదటి పోస్టులో ఊరి పేరు తీసేశాం.

సింహగర్జన
సోమవారం, మధ్యాహ్నం 1.30

ఇదీ వాళ్ల శాంతి మతం! మన ధర్మంలో దేవుణ్ణి కాదన్న చార్వాకుణ్ణి కూడా రుషి అన్నాం. తమ్ముడూ ఇంటికి వచ్చెయ్, ఘర్ వాపసీ (మిగతా నాలుగు వాక్యాలు తొలగించాం – నిర్వాహకులు)

మాజీ సభ్యుడు
సోమవారం, సాయంత్రం 7.10

సింహగర్జన అన్నా, నేను అమ్మీని వదిలేసి మీ గుంపులో చేరడానికి రాయలేదు. నాలాంటోడు ఇంట్లో నోరు తెరవకపోవడానికి సగం కారణం మీరే. ఇవాళ నేను ఒక మాటంటే రేపు దాన్నే మీరు మా వీధి మీదికి రాయిలాగ విసురుతారు. మసీదు కమిటీ తప్పును మసీదులో తిట్టేవాళ్లు మా దగ్గర బోలెడుమంది. బయటికొచ్చి తిట్టలేం, ఎందుకో మీకు తెలుసు.

అలిపిరి మెట్లు
సోమవారం, రాత్రి 9.25

ఆ చార్వాకుడి పుస్తకం ఒక్కటైనా మిగలనిచ్చారా సార్? ఆయన ఏమన్నాడో ఆయన్ను తిట్టినవాళ్లు రాస్తేనే కదా మనకు తెలిసింది. సరే, అది వదిలేద్దాం.

తమ్ముడూ, నేను తిరుపతిలో పుట్టి పెరిగిన నాస్తికుణ్ణి, అది ఎంత తమాషానో ఊహించుకో. నాయన పోయినప్పుడు కర్మ చేయనన్నానని మా చిన్నాయన ఇప్పటికీ మాట్లాడడు. ఒక ఇంటి ఓనరు పూజగది ఖాళీగా ఉందని ఆర్నెల్లకే ఖాళీ చేయమన్నాడు. ఇంతే. జైలు భయం లేదు, ప్రాణ భయం లేదు. మనిద్దరిదీ ఒకటే బాధ అని చెబితే అది అబద్ధం, నీ కష్టాన్ని తగ్గించినట్టవుతుంది.

కానీ ఒకటి గమనించా. మన పక్క మత సామరస్యం కథలకు కరువు లేదు. బీబీ నాంచారి మన వెంకన్న భార్య అంటారు, ఉగాది రోజు ముస్లింలు దేవుని కడపకు పోయి కొబ్బరికాయ కొడతారు. తిరుమలలో మంగళవారం చేసే అష్టదళ పాదపద్మారాధనకు 108 బంగారు పువ్వులు ఇచ్చింది ఒక ముస్లిం భక్తుడు. అన్నీ మంచి కథలే. అన్నిట్లోనూ ఒక దేవుడు ఇంకో దేవుడింటికి చుట్టంగా పోతాడు. ఏ దేవుడూ వద్దన్నవాడికి మాత్రం ఈ కథల్లో చాప వేయరు.

మక్కా సంగతి. మా అమ్మను కొండకు ఎన్నిసార్లు నడిపించుకొని పోయానో లెక్కలేదు. మోకాళ్ల పర్వతం దగ్గర ఆమె మోకాళ్ల మీద ఎక్కుతుంటే పక్కన నీళ్ల సీసా పట్టుకొని నిలబడ్డా. క్యూలో నిలబడ్డా, లోపలికీ పోయా. గుండు మాత్రం కొట్టించుకోలేదు. అమ్మ సంతోషం కోసం చేసింది మోసమని నాకు ఎప్పుడూ అనిపించలేదు.

పాతబస్టాండు చాయ్
మంగళవారం, ఉదయం 5.50

ఫజర్ అయ్యాక రాస్తున్నాను. నాకు అరవై రెండు. హజ్ చేసి వచ్చినవాణ్ణి. బాబూ, నీ మాటలు చదివి రాత్రి నిద్ర పట్టలేదు, దాచను.

అలిపిరి సార్‌తో నేను ఒప్పుకోను. ఉమ్రా అంటే కొండ మీద దర్శనం క్యూ కాదు. ఇహ్రామ్, ఆ యాత్ర బట్టలు, కట్టుకునేటప్పుడు నియ్యత్ (సంకల్పం) చేస్తావు, లబ్బైక్ అంటావు, "వచ్చాను, నీ పిలుపు విని వచ్చాను" అని. ఎవరికి చెబుతున్నావు ఆ మాట? కాబా చుట్టూ ఏడుసార్లు, సఫా, మర్వా గుట్టల మధ్య ఏడుసార్లు. మనసులో లేనిదాన్ని నోటితో అనడాన్ని మా దాంట్లో నిఫాక్ అంటారు. నమ్మను అనే కుఫ్ర్ కంటే అది చెడ్డది. నమ్మనప్పుడు పోవద్దు. అమ్మను మంచి గ్రూపుతో పంపు. ఇప్పుడు మహ్రమ్ (తోడు వచ్చే దగ్గరి మగ బంధువు) లేకుండా కూడా ఆడవాళ్లకు ఉమ్రా అనుమతి ఇస్తున్నారు.

ఇంకో మాట. దీన్‌లో, అంటే మతంలో, బలవంతం లేదని ఖురాన్‌లోనే ఉంది. మీరంతా మేమేదో కత్తులు నూరుకుంటూ కూర్చున్నట్టు రాస్తున్నారు. అది నాకు నచ్చలేదు.

రాగిసంగటి
మంగళవారం, ఉదయం 11.00

చాచా, సలాం. మీరు కత్తి నూరరు, నాకు తెలుసు. మా అబ్బా కూడా మీలాంటాయనే. అయినా నేను ఈ పేరు వెనక దాక్కొని రాస్తున్నా. 2017 మార్చిలో కోయంబత్తూరులో ఫారూఖ్ అనే అతన్ని నరికి చంపారు. ముస్లిం ఇంట్లో పుట్టి, ద్రావిడర్ విడుదలై కళగం అనే హేతువాద సంఘంలో చేరి, దేవుడు లేడని ఫేస్‌బుక్‌లో, వాట్సాప్‌లో రాశాడని. మన చిత్తూరు నుంచి కోయంబత్తూరు ఎంత దూరం? ఒక రాత్రి బస్సు. సౌదీ దాకా పోనక్కర్లేదు.

తమ్ముడికి ఒక మాట. నువ్వు మగాడివి, దాచుకోగలవు. ప్యాంటు చొక్కా వేసుకున్నాక ఎవడు నమ్ముతాడో ఎవడు నమ్మడో బయటికి కనబడదు. నేను దాచాలంటే బురఖా లోపల దాచాలి. మదనపల్లిలో డిగ్రీ చదివేటప్పుడు బస్టాండు బాత్రూములో తీసి బ్యాగులో పెట్టి, సాయంత్రం మళ్లీ అక్కడే వేసుకొని ఇంటికి పోయేదాన్ని. మూడేళ్లు. ఆ బాత్రూమే నా స్వతంత్ర దేశం. ఇప్పుడు బెంగళూరులో ఉన్నా. పండక్కి ఇంటికి వస్తే హోసకోటే దాటగానే వేసుకుంటా.

ఇక నువ్వు ఒక్క ముక్కలో రాసి దాటేసిన వాణియంబాడి సంబంధం. ఉమ్రా మోసమా కాదా అని ఇంత బాధపడుతున్నావే, ఆ పిల్ల సంగతి? ఆమె నమాజీ మొగుడు అనుకొని వస్తుంది. దేవుడు లేడని నీ లెక్క కాబట్టి కాబా దగ్గర నువ్వు మోసం చేసేది ఎవరినీ లేదు. అక్కడ మాత్రం ఒక మనిషి ఉంది.

అలిపిరి మెట్లు
మంగళవారం, ఉదయం 11.20

అక్కా, దండం. ఇది నాకు తట్టలేదు.

నల్లకోటు
మంగళవారం, మధ్యాహ్నం 2.15

రాగిసంగటి గారు చెప్పింది చట్టం లెక్కలో కూడా ముఖ్యమే. 1939 నాటి ముస్లిం వివాహ రద్దు చట్టం ప్రకారం, పుట్టుకతో ముస్లిం అయిన భార్య ఇస్లాం వదిలేసినంత మాత్రాన పెళ్లి దానంతటదే రద్దు కాదు. భర్త వదిలేస్తే ఏమవుతుందో ఆ చట్టంలో రాయలేదు, పాత సూత్రాల ప్రకారం పెళ్లి పోతుంది. అంటే తమ్ముడు నికా తర్వాత ఎప్పుడో బయటపడితే నష్టపోయేది ఆ అమ్మాయి.

ప్రత్యేక వివాహ చట్టం, 1954 కింద చేసుకుంటే వారసత్వం కూడా భారత వారసత్వ చట్టం కిందికి వస్తుంది. ముప్పై రోజుల నోటీసు పెడతారు, రిజిస్ట్రార్ ఆఫీసు బోర్డు మీద. మన ఊళ్లలో ఆ బోర్డు చదివేవాళ్లకు వేరే పని ఉండదు, అది గుర్తుపెట్టుకోండి.

వారసత్వం అన్నాను కాబట్టి: కేరళలో ఇస్లాం వదిలేసిన సఫియా అనే మహిళ ఇదే విషయం మీద సుప్రీంకోర్టుకు వెళ్లారు. షరియత్ లెక్కలో కూతురికి కొడుకు వాటాలో సగం, వీలునామా రాసినా మూడో వంతుకు మించి కుదరదు. నేను నమ్మనప్పుడు ఆ లెక్క నాకెందుకు, భారత వారసత్వ చట్టం వర్తింపజేయండి అని ఆమె అడిగింది. 2024లో కోర్టు నోటీసులు ఇచ్చింది. మన దగ్గర మతం వదలడానికి హక్కుంది. వదిలాక ఎక్కడికి పోయావని రాయడానికి మాత్రం సరైన గడి లేదు. తమిళనాడులో తిరుపత్తూరు లాయరు స్నేహ 2019లో కులం లేదు, మతం లేదు అని సర్టిఫికెట్ సంపాదించారు (తిరుపత్తూరు, మన తిరుపతి కాదు. అప్పట్లో నాకు ముగ్గురు ఫోన్ చేశారు, మనూరమ్మాయేనా అని). దానికి ఆవిడ తొమ్మిదేళ్లు తిరిగారు.

జావా కాఫీ
మంగళవారం, రాత్రి 10.40

లేటుగా వచ్చా. మాది పుంగనూరు, నాలుగేళ్లుగా జకార్తాలో. ముస్లిం దేశాలన్నీ సౌదీ కాదని చెప్పడానికి రాస్తున్నా.

ఇక్కడ పంచశీల అంటే మన నెహ్రూ పంచశీల కాదు, దేశానికి పునాది రాయి. అందులో మొదటిదే ఒకే దేవుడి మీద నమ్మకం. గుర్తింపు కార్డును కేటీపీ అంటారు, దాని మీద మతం ఉంటుంది, ప్రభుత్వం గుర్తించినవి ఆరు. స్థానిక విశ్వాసాలను కూడా రాసుకోవచ్చని 2017లో వాళ్ల రాజ్యాంగ కోర్టు తీర్పు ఇచ్చింది. నాస్తికుడు అన్న మాట మాత్రం ఆ కార్డు మీద ఉండదు.

మా ఆఫీసులో ఒకాయన ఉన్నాడు. బీరు తాగుతాడు, నమాజు ఊసు లేదు, రంజాన్‌లో మాతో పాటు పరదా కట్టిన హోటల్లో తింటాడు. పండక్కి మాత్రం పద్నాలుగు గంటలు ట్రాఫిక్‌లో పడి సొంతూరికి పోతాడు. ఇలాంటోళ్లకు వాళ్లే పేరు పెట్టుకున్నారు, "ఇస్లాం కేటీపీ", కార్డు ముస్లిం అని. నవ్వుతూ అనుకుంటారు. ఆ నవ్వు ఉన్నంతసేపు ఇబ్బంది లేదు. 2012లో పశ్చిమ సుమత్రాలో అలెగ్జాండర్ ఆన్ అనే గవర్నమెంటు ఉద్యోగి దేవుడు లేడని ఫేస్‌బుక్‌లో పెట్టాడు. గుంపు వచ్చి కొట్టింది, కోర్టు రెండున్నరేళ్లు జైలు వేసింది. మా ఆఫీసాయన, ఆ ఆన్, ఇద్దరూ నమ్మింది ఒకటే. ఒకడు చెప్పలేదు.

పక్కన మలేసియాలో లీనా జాయ్ అనే ఆమె క్రైస్తవం తీసుకొని, కార్డు మీద ఇస్లాం అన్న మాట తీసేయమని పైకోర్టు దాకా పోయింది. 2007లో కుదరదన్నారు. టర్కీలో అయితే 2014 నుంచి ఇస్తాంబుల్‌లో నాస్తికుల సంఘమే ఉంది. కాబట్టి ఏ దేశం, ఏ ఊరు అన్నది చాలా తేడా చేస్తుంది.

సువర్ణముఖి
బుధవారం, ఉదయం 6.30

జావా కాఫీ చెప్పింది నిజం. మా క్యాంపులో ఒక బంగ్లాదేశ్ కుర్రాడు ఉండేవాడు, ఢాకాలో చదువుకున్నోడు, ఎలక్ట్రీషియన్. 2015 ఫిబ్రవరిలో ఒకరోజు అన్నం తినకుండా పడుకున్నాడు. ఏమైందిరా అంటే ఫోనులో చూపించినాడు. అభిజిత్ రాయ్ అనే రచయితను, ముక్తో మోనా వెబ్‌సైటు పెట్టినాయనను, ఢాకా పుస్తకాల పండగ నుంచి భార్యతో వస్తా ఉంటే నరికేసినారు. ఆయన హిందూ ఇంట్లో పుట్టినోడు. ఆ ఏడే ఇంకో ముగ్గురు బ్లాగర్లు, ఒక పబ్లిషరు. ఈ కుర్రాడు ఆ సైటు చదివేవాడంట. ఆ రాత్రి బాత్రూములోకి పోయి ఫోనులో ఉన్నదంతా తుడిచేసుకున్నాడు. నాకు చెప్పినాడు గానీ వాళ్ల దేశం వాళ్లకు ఒక్కరికీ చెప్పలేదు. ఏడు నెలలు ఒకే రూములో ఉన్నాం, ఆ సంగతి మళ్లీ ఎత్తలేదు.

పాతబస్టాండు చాయ్
గురువారం, ఉదయం 6.10

కోయంబత్తూరు సంగతి నేను ఎరుగుదును. ఆ చంపినవాళ్లను నేను వెనకేసుకురాను, అది పెద్ద పాపం. బలవంతం లేదన్న ఆయత్ నేను రాశాను. మతం వదిలినవాడికి పాత ఫిఖ్ (ధర్మశాస్త్రం) పుస్తకాల్లో ఏ శిక్ష రాసుందో నేను రాయలేదు, అదీ నాకు తెలుసు. ఇప్పటి పెద్ద పెద్ద ఆలిములు (మత పండితులు) కొందరు అది రాజ్యద్రోహానికి తప్ప ఉత్త మాటకు వర్తించదంటున్నారు, నేను వాళ్ల పక్షం. సుడాన్‌లో 2020లో ఆ మరణశిక్ష తీసేశారు కూడా.

కానీ రాగిసంగటి బేటీ అడిగిన దానికి జవాబు ఇవ్వాలి. మా వీధిలో ఒక కుర్రాడు ఇట్లా అని తెలిస్తే నేను వాడింటికి పోయి టీ తాగుతాను. మా వీధి ఏం చేస్తుందో మాత్రం నేను హామీ ఇవ్వలేను. కొట్టరు, అంతవరకు నమ్మకం ఉంది. వాళ్ల చెల్లెలికి సంబంధం రానివ్వరు. వాళ్ల నాయన పోతే జనాజాకు, అంత్యక్రియలకు, సగం మంది రారు. ఈ నాలుగు మాటలు రాయడానికి నాకు రెండు రోజులు పట్టింది.

మాజీ సభ్యుడు
గురువారం, రాత్రి 12.20

చాచా, మీరు జనాజా అన్నారు కాబట్టి చెబుతున్నా. నాకు నరకం భయం పోయి చాలా ఏళ్లయింది. ఖబరస్తాన్ భయం పోలేదు. మా తాత, నాయనమ్మ, చిన్నప్పుడే పోయిన మా తమ్ముడు అందరూ అక్కడే. నేను బయటపడితే అక్కడ చోటు ఇవ్వరు కదా అనుకుంటే కడుపులో దేవినట్టు అవుతుంది. నమ్మనివాడికి ఆ మట్టి ఎందుకు అని మీరు అడగొచ్చు. నేనూ అడుక్కున్నా. జవాబు లేదు.

రాగిసంగటి
గురువారం, రాత్రి 12.45

ఎస్వీ మెడికల్ కాలేజీకి దేహదానం రాసిద్దామని నేనూ అనుకున్నా. ఇంట్లోవాళ్లు ఒప్పుకొని తీసుకుపోతేనే అది జరిగేది. అంటే చివరికి మళ్లీ ఇంట్లో చెప్పాలి. తిరిగి తిరిగి అక్కడికే వస్తాం.

అలిపిరి మెట్లు
శుక్రవారం, ఉదయం 8.00

తమ్ముడూ, తిరుపతిలో మా హేతువాద మిత్రుల బృందం ఉంది, చిన్నదే, నెలకొకసారి కలుస్తాం. ఒకసారి రా.

రాగిసంగటి
శుక్రవారం, ఉదయం 8.35

సార్, కోపం తెచ్చుకోవద్దు. నేను ఒక ఊళ్లో అలాంటి సభకు వెళ్లా. గోరా గారి గురించి, 1940లో ముదునూరులో నాస్తిక కేంద్రం పెట్టింది, తర్వాత విజయవాడ పటమటకు వచ్చింది, అన్నీ గొప్పగా చెప్పారు. తర్వాత నన్ను స్టేజీ ఎక్కించి "ముస్లిం మహిళ, నాస్తికురాలు" అని పరిచయం చేసి ఫోటో తీశారు. ఆ ఫోటో పేపర్లో రాకుండా ఆపుకోవడానికి రాత్రి పదకొండు దాకా ఫోన్లు చేశా. వాళ్లకు అది సరదా, నాకు ఇల్లు. తమ్ముణ్ణి పిలిచేముందు కెమెరాలు బయట పెట్టండి.

అలిపిరి మెట్లు
శుక్రవారం, ఉదయం 9.10

న్యాయమే. మా బృందంలోనూ అలాంటివాళ్లు ఉన్నారు, లేరని చెప్పను. టీ కొట్టులో మనిద్దరమే కలుద్దాం, వేరే ఎవరూ ఉండరు.

మాజీ సభ్యుడు
తరువాతి బుధవారం, రాత్రి 11.15

ఆపాకు చెప్పేసినా. మా పెద్దక్క, పెళ్లయి కుప్పంలో ఉంది. ఆమె ఇంటి మిద్దె మీద, పిల్లలు పడుకున్నాక. అంతా విని చాలాసేపు గమ్మున ఉండింది. తర్వాత "నాకు తెలుసు" అంది. రంజాన్‌లో నేను దువా చేసేటప్పుడు పెదాలు కదలవంట. నాలుగేళ్లుగా చూస్తా ఉందంట. అమ్మీకి చెప్పొద్దు, నేను కూడా చెప్పను అంది. తర్వాత ఏడ్చింది. నేను కాలిపోతానని ఆమెకు నిజంగానే భయం. ఆ ఏడుపును ఎట్లా ఆపాలో నాకు తెలియలేదు. నమ్మేవాళ్లకు అది ఉత్త మాట కాదు కదా.

వాణియంబాడి సంబంధం ఆపాతోనే ఆపించినా, మొదటి లీవుకు వచ్చినాక చూద్దామని. రాగిసంగటి అక్క అడిగింది రైటే. చెప్పకుండా చేసుకోను.

రియాద్ పోతా ఉన్నా. చాచా, మీ మాట మీద చాలా ఆలోచించినా. అమ్మీని విజిట్ వీసా మీద పిలిపిస్తా. ఇప్పుడు ఏ వీసా మీద వచ్చినా నుసుక్ యాప్‌లో పర్మిట్ తీసుకొని ఉమ్రా చేయొచ్చంట. మోకాళ్లు అరిగిపోయినాయి, సఫా మర్వాల మధ్య వీల్‌చైర్ తోయాలి. కూలికి తోసేవాళ్లు దొరుకుతారంట. నేనే తోస్తా. ఇహ్రామ్ కట్టుకుంటా. లబ్బైక్ అనేటప్పుడు ఏం చేస్తానో తెలియదు. మీకు అది నచ్చదని తెలుసు.

పాతబస్టాండు చాయ్
గురువారం, ఉదయం 5.55

నచ్చదు. దారిలో ఆమెకు జమ్‌జమ్ నీళ్లు చల్లవి కాకుండా మామూలువి ఇవ్వు, అక్కడ రెండు రకాల కూజాలు ఉంటాయి. ఏసీ చలికి చల్లవి తాగితే ఈ వయసులో దగ్గు పట్టుకుంటుంది. తవాఫ్ (కాబా చుట్టూ తిరగడం) రాత్రి ఇషా నమాజు తర్వాత పెట్టుకో, ఎండ ఉండదు.

సువర్ణముఖి
గురువారం, ఉదయం 6.40

తమ్ముడూ, పోయేముందు ఈ ఖాతా తీసేయించు. ఫోను మార్చు. అక్కడి నుంచి ఈ సైటు తెరవొద్దు, చదవడానికి కూడా. ఎవరైనా అడిగితే నాకు బద్ధకం అని చెప్పు. బద్ధకస్తుణ్ణి అందరూ క్షమిస్తారు. పదకొండేళ్లలో నేను నేర్చుకున్న అరబ్బీ మాటల్లో పనికొచ్చింది అదొక్కటే, కస్లాన్.

మాజీ సభ్యుడు
శనివారం, రాత్రి 9.30

నిర్వాహకులకు: నా ఖాతా తీసేయండి. పోస్టులు ఉండనీయండి, ఎవరికైనా పనికొస్తాయేమో. రేపు తెల్లవారుజామున చెన్నై బండి. అమ్మీ పచ్చడి కడతా ఉంది, నమాజు చేసుకునే ముసల్లా పెట్టెలో పైనే పెట్టింది, కనబడేటట్టు.

నిర్వాహకులు
శనివారం, రాత్రి 10.10

ఖాతా తొలగించాం. పాత పోస్టుల మీద పేరు బదులు "మాజీ సభ్యుడు" అని కనబడుతుంది.

రాగిసంగటి
నాలుగు నెలల తర్వాత

ఎవరికైనా ఏమైనా తెలిసిందా?

పాతబస్టాండు చాయ్
నాలుగు నెలల తర్వాత

లేదు బేటీ.

కువైట్ బండి
ఏడు నెలల తర్వాత

అన్నా, అక్కా, ఈ చర్చ మొత్తం చదివినా. నాది పలమనేరు దగ్గర. వచ్చే నెల కువైట్. రంజాన్‌లో పగలు బయట తింటే నెల జైలు లేదా వంద దీనార్లు ఫైన్ అంటున్నారు, నిజమేనా? ఇంకో ప్రశ్న ఉంది, ఇక్కడ అడగలేను. సువర్ణముఖి అన్నకు విడిగా మెసేజ్ పెట్టినా, చూడండి.